పై గది గంట

పుట్టినరోజు పార్టీ నుంచి మా పాప తెచ్చుకున్న చిన్న గంటను చేతిలోకి తీసుకోగానే ఇత్తడి వాసన తగిలింది. దాని వెంటే, చిన్నప్పుడు మేమున్న నోవై ఊరి దగ్గరి డాక్టరాంటీ వాళ్ళ వంటగది గుర్తొచ్చింది.

డెబ్బైల చివర, కార్ల కంపెనీలో నాన్న ఉద్యోగం పోయిన చలికాలం అది. ఆదివారం తెలుగు ప్రార్థన ఆ ఇంట్లోనే జరిగేది. అందరూ ముందు తలుపు నుంచి పదకొండింటికి వచ్చేవారు. మేం మాత్రం ఎనిమిదింటికే, ఎవరూ తవ్వని మంచులో బూట్లు తడుపుకుంటూ వెనక తలుపు నుంచి వెళ్ళేవాళ్ళం, అమ్మ వంటలో సాయం చేయాలి కనుక. కోడికూర మసాలా, రుబ్బిన మినప్పిండి, నూనెలో పొంగే గారెలు, ఆ ఆవిరికి మసకబారే కిటికీ అద్దాలు. ఎవరో ధనవంతుడు అప్పటికి డెబ్బై ఏళ్ళ కిందట కట్టించుకున్న ఇల్లు అది. పనివాళ్ళకు వెనక ఇరుకు మెట్లు, వంటగది గోడకు ఇత్తడి గంట, దాన్ని మోగించడానికి పై గదిలో తెల్లటి మీట.

భోజనాలయ్యాక మా ఆట అదే. ఆంటీ కూతురు షీలా పైన మీట నొక్కితే, నేను వెనక మెట్లెక్కి పరుగున వెళ్ళి "ఎస్ మేడమ్" అనేదాన్ని. అందరికన్నా వేగం నాదేనని గర్వపడేదాన్ని. నా వంతు అడిగితే, "నెక్స్ట్ సండే నీ టర్న్," అనేది. ఆ చలికాలమంతా ఆ ఆదివారం కోసమే ఎదురుచూశాను.

క్రిస్మస్ ముందు ఒకరోజు, షీలా కింద పియానో వాయిస్తుండగా, ఒక్కదాన్నే వెళ్ళి మీట నొక్కాను. మంచం అంచున మేడమ్‌లా కూర్చున్నాను. వెనక మెట్ల మీద బరువైన అడుగులు వినిపించాయి.

"ఏం కావాలండీ, డాక్టరుగారూ?" అంటూ అమ్మ లోపలికొచ్చింది. చేతులనిండా పిండి, ఆయాసం. ఆ గంటకు ఆమె రావడం అదే మొదటిసారి కాదని నాకు అప్పుడర్థమైంది.

నన్ను చూసింది. తిట్టలేదు. "ఇంకెప్పుడూ నొక్కకే. మోకాళ్ళ నొప్పులు," అంది. ఎదురుగా వెడల్పాటి ముందు మెట్లుండగా, వెనక మెట్లే దిగి వెళ్ళిపోయింది.

ఆ ఇల్లు పడగొట్టారు. ప్రార్థన చర్చికి మారింది. అమ్మ లేదు. మా ఇంటికి మెట్ల వరస ఒక్కటే.

పార్టీలో ఏం ఆడారని పాపనడిగాను.

"రెస్టారెంట్, అమ్మా. నేను వెయిట్రెస్. ఐయామ్ ద ఫాస్టెస్ట్."

కూర్చుని తినే వంతు నీకెప్పుడని అడిగాను.

"నెక్స్ట్ టైమ్," అంది, కళ్ళు మెరుస్తుండగా. మళ్ళీ శనివారం ఆడుకోడానికి పంపుతానని ఆ పుట్టినరోజు పిల్ల వాళ్ళమ్మకు అప్పటికే మాటిచ్చేశాను.