వాకిలి లేని కోట

మా అక్క మొగుణ్ణి నేను క్షమించలేదు. పెద్దదానివైపోయావు, మనసు పెద్దది చేసుకోమని చాలామంది చెప్పారు. చెప్పేవాళ్లకేం, పోయింది వాళ్ల కోట కాదు.

మాది ఎమ్మిగనూరు. ఇంట్లో రెండు మగ్గాలు. చిన్నప్పుడు అమ్మ నేస్తుంటే నేను పక్కన కూర్చుని నూలు కండెలు చుట్టేదాన్ని. చేతికి పనుండేది, బుర్రకు ఉండేది కాదు. అందుకని ఆదోని కొండల అవతల ఒక దేశాన్ని కల్పించుకున్నాను. ఆ దేశంలో ఇళ్లు ఒక్కచోట ఊరికే ఉండవు. నడిమధ్యన ఒక కోట. తెల్లారితే బురుజులతో నిలబడుతుంది. ఎండ ముదిరితే బురుజులన్నీ పడుకుని పడవవుతుంది. వాన పడితే గొడుగులా విచ్చుకుంటుంది. పొద్దు వాలితే స్తంభాలు లేచి చోట్లు మార్చుకుంటాయి, మెట్లు పైకప్పవుతాయి. దానికి ఒకటే నియమం. మంచిగా వచ్చినవాడు ఎక్కడ నిలబడితే అక్కడ వాకిలి తెరుచుకుంటుంది. దొంగకు మాత్రం చుట్టూ గోడే.

పెద్దయ్యాక ఆ కోటను చీర కొంగు మీదికి తెచ్చాను. గళ్ల కాగితం మీద నాలుగు రూపాలూ గీశాను. ఒక్కో వరుసకు ఒక్కో అట్ట. అట్టకు రంధ్రాలు ఎట్లా కొడితే మగ్గం నూలును అట్లా లేపుతుంది. అట్టలన్నీ వరుసగా దారంతో కుట్టి మగ్గం మీదుండే జాకార్డుకు తగిలిస్తే బొమ్మ పడుతుంది. గీసి, కొట్టి, కుట్టి, తప్పయితే మళ్లీ కొట్టి... ఏళ్లు పట్టింది. అందరిలా అట్టల మీద అంకెలు రాయలేదు, మూలలో రంగు దారంతో నా గుర్తులు వేసుకున్నాను. ఒక్క చీర నేసి పెట్టెలో దాచుకున్నాను.

నేను జ్వరంతో మంచం మీదున్న వారంలో బావ వచ్చాడు. చూసి ఇస్తానని అమ్మకు చెప్పి చీర, కాగితాలు, అట్టలు అన్నీ పట్టుకుపోయాడు. కోలుకుని లేచేసరికి అందరి ఫోన్లలో ఆయన వీడియో తిరుగుతోంది. నా కొంగు భుజాన వేసుకుని, ఈ మారే కోట తనకు కలలో కనిపించిందని చెబుతున్నాడు. కల అట, కల! సొమ్మొకడిది, సోకొకడిది.

పోయి అడిగాను.

"ఏం పాపా, ఒకింటోళ్లం. పేరు నీదైతేనేం, నాదైతేనేం?" అన్నాడు.

"నాదైతే నాదని సెప్పు బావా. ఒక్కసారి నలుగుర్లో సెప్పు, సాలు."

"ఆడదాని పేరు సెప్తే సేటు ఆర్డరు ఇస్తాడా?" అని నవ్వాడు. అక్క లోపలినుంచి వింటూనే ఉంది, బయటికి రాలేదు.

ఆర్డరు ఆదోని బట్టల సేటుది. కొత్త ఇల్లు కట్టుకున్నాడు. గృహప్రవేశానికి వచ్చే ఆడవాళ్లందరికీ ఈ కోట చీరలే పెట్టాలని ముచ్చటపడ్డాడు. ఇంతలో బావ ఇంట్లో ఎలుకలు పడి అట్టల దారాలన్నీ కొరికేశాయి. వరుస చెదిరిపోయింది. అంకెలు లేవు, నా గుర్తులు ఆయనకు తెలియవు. సిగ్గూ ఎగ్గూ లేకుండా గోనెసంచిలో అట్టలు వేసుకుని మా ఇంటికే వచ్చాడు.

"కుట్టి ఇయ్యి పాపా, నీ సేతిలో పని."

ఇచ్చాను. ఎందుకివ్వను! రెండు మధ్యాహ్నాలు కూర్చున్నాను. నాలుగు రూపాల్లోనూ వాకిలి పడే వరుసల అట్టలు తీసేశాను. వాటి బదులు గోడ పడేటట్టు కొత్తవి కొట్టి కుట్టాను. సూది దిగిన ప్రతిసారీ హాయిగా ఉండింది. అబద్ధమెందుకు, అంత హాయి నాకు పూజలో కూడా దొరకలేదు.

పట్టుబడతానేమోనని భయం లేకపోలేదు. కానీ బావ నేయడం మానేసి ఎన్నాళ్లో అయింది, ఫొటోలు తీసుకోవడమే ఆయన పని. ఆయన కింద నేసేవాళ్లు వాకిలి లేదని గమనించారట. "ఇది మారే కోట కదప్పా, ఈసారి ఇట్ల మారింటాది" అనుకుని నేసుకుంటూ పోయారు. పాపం, వాళ్ల తప్పు లేదు.

చీరలు మోయడానికి మనిషి కావాలని అక్క నన్నూ ఆదోనికి రమ్మంది. పరుగున పోయాను. సేటు కొత్తింట్లో హాలు నిండా చుట్టాలు. సేటు వాళ్ల అవ్వ మొదటి చీర మడత విప్పింది, కొంగు మీద వేలు పెట్టి ఈ చివరనుంచి ఆ చివరకు పోయింది.

"వాకిలి యాడుందప్పా దీనికి?"

ఇంకో చీర విప్పింది. ఇంకోటి.

"వాకిలి లేని ఇల్లంటే గోరీ కదరా! కొత్తింట్లో కాలుపెట్టే పొద్దు నా కోడండ్లకు గోరీలు కడతావా?"

సేటు మొహం నల్లబడింది. "నాకు సూపించిన దాంట్లో వాకిలి ఉండె కదప్పా. నీ కలే కదా, సెప్పు. యాడికి పోయింది?"

బావ తేలు కుట్టిన దొంగలా నిలబడ్డాడు. అటు చూశాడు, ఇటు చూశాడు, నన్ను చూశాడు.

"నాది కాదు సేటూ! దేవుని తోడు, నాది కాదు. ఇదో, ఈ పాపది. గీసింది ఇదే, అట్టలు కొట్టింది ఇదే, కుట్టింది ఇదే. నాకేం తెలీదు."

హాలంతా నావైపు తిరిగింది. అవ్వ అడిగింది: "నిజమేనా పాపా? నీదేనా?"

"ఔనవ్వా, నాదే," అన్నాను. "మొదట్నుంచీ నాదే."

అవ్వ నన్ను నోటికొచ్చినట్టు తిట్టింది. నిలబడి అన్నీ విన్నాను. మెప్పుగా రావలసిన మాట నిందగా వచ్చింది. అయితేనేం, నలుగురిలో వచ్చింది. చీరలన్నీ వెనక్కి తిరిగొచ్చాయి. ఆ సేటు మా రెండిళ్లకూ మళ్లీ పని ఇవ్వలేదు. నెలలపాటు నేసినవాళ్ల కష్టం మట్టిపాలైంది, వాళ్లు కనిపిస్తే మాత్రం ఈనాటికీ నాకు మొహం చెల్లదు.

బస్సులో బావ ముందు సీట్లో కూర్చున్నాడు. అక్క నా పక్కన కూర్చుంది. ఎమ్మిగనూరు వచ్చింది. దిగేముందు అంది: "నాకు ముందే తెలుసే, అది నీదని."

"తెలిసి ఆ పొద్దు బయటికి ఎందుకు రాలేదక్కా?" అన్నాను.

అక్క సంచి తీసుకుని దిగిపోయింది. బావ మీద నా పగ ఆ హాలులోనే తీరింది. అక్క మీదిది ఇంకా తీరలేదు.