రెండు ఊళ్ల మధ్య సలోమి టీచర్

బెంజ్ సర్కిల్ దగ్గర సాయంత్రం బస్సు ఎక్కేవాళ్లకు కండక్టరు కేక చెవిన పడకుండా ఉండదు. "పటమట, ఆటోనగర్, కానూరు, తాడిగడప, పోరంకి, కంకిపాడు, ఉయ్యూరు..." అని ఊపిరి తీసుకోకుండా అరుస్తాడు. మొన్న వానలో తడిసిన కుచ్చిళ్లు పిండుకుంటూ ఆ కేక విన్నాను. మా ఆఫీసులో కొత్తగా చేరిన అమ్మాయి పక్కనే ఉంది. "ఇవన్నీ స్టాపులాండీ?" అని అడిగింది. "కాదమ్మా, ఊళ్లు" అన్నాను. ఆ మాట నాది కాదు, మా సలోమి టీచర్‌ది.

ఆవిడ మా హైస్కూల్లో సోషల్ చెప్పేవారు. బందరు నుంచి ఉద్యోగానికి వచ్చి, సరిగ్గా తాడిగడప, పోరంకి కలిసే చోట రెండు గదుల ఇంట్లో ఒక్కరే ఉండేవారు. పెళ్లి చేసుకోలేదు. ఎందుకని అడిగే ధైర్యం మాలో ఎవరికీ లేదు. ఎప్పుడూ సన్నంచు నేత చీరలే కట్టేవారు, అవీ మా నాన్న కొట్లోవే. మాది పెడన నుంచి వచ్చిన నేత కుటుంబం. మగ్గం గిట్టుబాటు కాక నాన్న పోరంకిలో చీరల కొట్టు పెట్టాడు. అమ్మ నా చిన్నప్పుడే పోయింది. నాన్న పొద్దున కొట్టుకు వెళ్తే మళ్లీ దీపాలు పెట్టాకే ఇంటికి. బళ్లో నాకు మూగపిల్లనని పేరు. నిజానికి నాకు మాటలు బాగానే వచ్చు, వినేవాళ్లే లేరు.

భూగోళం ఆవిడ పుస్తకం తెరిచి చెప్పిన గుర్తు తక్కువ. బందరు రోడ్డు పక్కన మమ్మల్ని వరసగా నడిపిస్తూ, కొట్ల బోర్డుల మీద ఊరి పేరు ఎక్కడ మారుతుందో కనిపెట్టమనేవారు. ఆవిడ ఉద్యోగంలో చేరిన కొత్తలో ఊరికీ ఊరికీ మధ్య వరిచేలు, చెరుకుతోటలు ఉండేవట. మేం నడిచేనాటికే సందు లేదు. ఒక మందుల షాపు బోర్డు మీద తాడిగడప అని ఉంటే, దాన్ని ఆనుకునే ఉన్న టైలరు కొట్టు మీద పోరంకి అని ఉంది. నిధి దొరికినట్టు గోల చేశాం. "ఇంతకీ మీదే ఊరండీ?" అని టీచర్ అడిగితే టైలరు నవ్వాడు. "పన్ను కట్టేది ఒక ఊళ్లోనండీ, ఓటేసేది ఇంకో ఊళ్లోనండీ. మా అమ్మాయి పెళ్లి కార్డు మీద మాత్రం దర్జాగా విజయవాడ అనే వేయించామండీ." టీచర్ కూడా నవ్వేశారు. తర్వాత మావైపు తిరిగి, "ఊరి మధ్యలో నిలబడితే అన్ని ఊళ్లూ ఒకటే. చివరికొచ్చి చూడండి, ఎవరు ఎవరిని కలుపుకుంటున్నారో అక్కడే తెలుస్తుంది" అన్నారు. మాకు అర్థం కాలేదు. అందరికీ గోలీసోడా తాగించారు కాబట్టి పాఠం బాగుందనుకున్నాం.

శనివారాలు ఆవిడ ఇంట్లోనే నా భోజనం. మామిడికాయ పప్పు, వడియాలు. తింటున్నంతసేపూ నన్ను మాట్లాడించేవారు. నేను ఈవేళ నలుగురిలో నోరు విప్పి మాట్లాడగలుగుతున్నానంటే అది ఆ వంటింట్లో అబ్బిన విద్యే. ఆదివారాలు మాత్రం ఆవిడ దొరికేవారు కాదు. కుడివైపు ఇంటావిడ తూర్పున ఉన్న చర్చికి రమ్మన్నారట, ఎడమవైపు ఇంటావిడ పడమటి చర్చికి రమ్మన్నారట. ఎవరినీ నొప్పించడం ఇష్టంలేక ఒక ఆదివారం ఇటు, ఒక ఆదివారం అటు వెళ్లేవారు. రెండుచోట్లా పిల్లలకు పాటలు నేర్పారు. ఏ సంఘంలో చేరినా రెండోవాళ్లు చిన్నబుచ్చుకుంటారని సభ్యురాలిగా ఎక్కడా చేరలేదు. ఏళ్ల తరబడి ఇటువాళ్లు ఆవిడను అటు మనిషి అనుకున్నారు, అటువాళ్లు ఇటు మనిషి అనుకున్నారు.

రిటైరయ్యాక ఆవిడకు గుండె జబ్బు ముదిరింది. అప్పటికి నేను ఉద్యోగంలో ఉన్నాను, నాన్న పోయాడు. ఒకరోజు, "పద్మా, ఆదివారం నాతో వస్తావా? ఒక మాట అడగాలి, ఒక్కదాన్నే వెళ్లి అడగలేను" అన్నారు. ఆవిడ ఎవరినైనా ఏదైనా అడగడం నేను అంతకుముందు చూడలేదు. అడగాల్సింది సమాధుల తోటలో చోటు. ఇక్కడ ప్రతి సంఘానికీ తన తోట ఉంటుంది, అందులో తన సభ్యులకే చోటు. తూర్పు చర్చి పెద్దాయన కుర్చీ వేసి, టీ తెప్పించి, ఎంతో మర్యాదగా అన్నాడు: "మీరంటే మాకు గౌరవమండీ టీచర్ గారూ. కాకపోతే మీరు అవతలి సంఘం మనిషి కదండీ. మేం తొందరపడితే వాళ్లేమనుకుంటారో!" పడమటి చర్చిలోనూ టీ ఇచ్చారు. "మిమ్మల్ని వాళ్లు వదులుకుంటారేంటండీ? వాళ్ల తోటే మీకు దగ్గర కూడానూ" అన్నారు. ఇద్దరూ మంచివాళ్లే. అదే నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

తిరిగి ఆటో ఎక్కాం. "పోనీలే పద్మా, పోయాక ఎక్కడుంటే ఏంటి" అన్నారు. ఇంటి దగ్గర దిగాక గేటు పట్టుకుని నిలబడిపోయారు. "కాదే. ఇక్కడే ఉండాలనుంది. ఇక్కడైతే నా పిల్లలు అటూ ఇటూ తిరుగుతుంటారు." మళ్లీ వెళ్లి అడుగుదామన్నాను. "రెండోసారి అడిగే మాట కాదమ్మా అది" అని లోపలికి వెళ్లిపోయారు.

ఆవిడ పోయిన రోజు రెండు చర్చిల వాళ్లూ వచ్చారు. రెండుచోట్లా ఆవిడ నేర్పిన పాటలే కాబట్టి అందరూ కలిసి పాడారు. ఈలోగా టీచర్ తమ్ముడు బందరు నుంచి వ్యాన్ తీసుకొచ్చాడు. అక్కడ వాళ్లమ్మ సమాధి పక్కన ఏర్పాటు చేశానన్నాడు. తూర్పు చర్చి పెద్దాయన నిజంగానే బాధపడుతూ, "అంతదూరం ఎందుకండీ, మా తోటలో పెట్టుకునేవాళ్లం కదా" అన్నాడు. "మేమూ అదే అనుకుంటున్నామండీ. ఎవరైనా ఒక్కమాట అడిగి ఉంటే..." అన్నాడు పడమటి ఆయన. నాకు ఒళ్లు మండిపోయింది. "అడిగారండీ. ఆవిడే వచ్చి అడిగారు. నేను పక్కనే ఉన్నాను" అన్నాను. పాట ఆగిపోయింది. ఇద్దరు పెద్దమనుషులూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. తూర్పు ఆయన తలదించుకుని కండువాతో కళ్లు తుడుచుకున్నాడు. తమ్ముడికి ఇదేమీ అర్థం కాలేదు, పొద్దుపోతోందని తొందరపెట్టాడు. బందరులో ఇసుక నేల. అక్కడ మన్ను వేసింది తమ్ముడి ఇంటివాళ్లు, నేను. ఆవిడ పాఠం చెప్పిన పిల్లలంతా ఇవతలే ఉండిపోయారు.

తర్వాత కొన్నాళ్లకు కానూరు, తాడిగడప, పోరంకి అన్నీ కలిపి ఒకే మునిసిపాలిటీ చేశారు. ఊళ్లు ఇంత సులువుగా కలిశాయి, ఆవిడకు మాత్రం ఎటూ చోటు లేకపోయిందని ఆ వార్త చదివి నేను పేపరు విసిరికొట్టాను. ఇప్పుడు కానూరులో ఒక అపార్టుమెంటులో ఉంటున్నాను, ఒక్కదాన్నే. ఈమధ్య ఎదురు ఫ్లాటులోకి ఒక రిటైర్డు నర్సు వచ్చారు. నిన్న పెరుగు తోడుకు వచ్చి, వెళ్లబోతూ ఆగి, "నాకేదన్నా అయితే నీ తలుపు కొట్టొచ్చా అమ్మా?" అని అడిగారు. మీ వాళ్లున్నారు కదండీ అనే మాట నా నాలుక చివరిదాకా వచ్చింది. మర్యాదగా తప్పించుకునే మాటలు మనకు ఎంత సులువుగా వస్తాయో! దాన్ని మింగేసి, "కొట్టండి. ఎప్పుడైనా సరే, నేను వస్తాను" అన్నాను. ఆవిడ నా చెయ్యి నొక్కి వెళ్లారు.

తలుపు వేసి పెరుగు గిన్నె మళ్లీ ఫ్రిజ్‌లో పెట్టాను. అదే మాట నేను అడగాల్సి వస్తే ఎవరి దగ్గరకు వెళ్లాలో నాకింకా తెలియదు. సలోమి టీచర్ అడగడానికి వెళ్లిన రోజున పక్కన నేనైనా ఉన్నాను.