ఒడ్డున మిగిలినవాళ్ళు

ఎండుమిరప ఘాటు తగిలితే గుంటూరులో అందరికీ తుమ్ము వస్తుంది. నాకు సుగుణ టీచరు గుర్తొస్తారు. నిన్న ఆటోలో మిర్చి యార్డు దాటుతుంటే మళ్ళీ అంతే. ఏటా మిరపకోతలకు మేం కర్నూలు వైపు నుంచి అద్దంకి దగ్గర ఒక ఊరికి వచ్చి, చేల గట్టున గుడిసె వేసుకునేవాళ్ళం. ఆ ఊరి బడిలో సోషల్ చెప్పే సుగుణ టీచరు గుడిసెల దాకా వచ్చి, నన్నూ చెల్లి ఈరమ్మనూ చెరో చేత్తో పట్టుకొని తీసుకెళ్ళేవారు.

ఒకరోజు మనుషులు ఆస్ట్రేలియాకు ఎలా చేరారో చెబుతున్నారు. "వీళ్ళలాగే మూటలు నెత్తినెట్టుకొని," అన్నాడు వెనక బెంచీవాడు. అందరూ నవ్వారు. "అవున్రా, అలాగే! నీ తాతలూ అట్టా వచ్చినోళ్ళే," అన్నారు టీచరు. ఆఫ్రికాలో బయల్దేరినవాళ్ళు తరానికి కాస్త చొప్పున జరుగుతూ, యాభై వేల ఏళ్ళ కిందటికే అక్కడికి చేరారట. అప్పట్లో సముద్రం తగ్గి ఉండటంతో చాలా దూరం నేల మీదే నడిచారట. చివర కొంత మాత్రం తెప్పల మీద దాటి ఉంటారట.

"అందరూ ఎక్కినారా టీచర్?" అని అడిగింది చెల్లి.

"కొందరు ఒడ్డునే మిగిలిపోయుంటారమ్మా."

ఆ ఏడు కోతలయ్యాక టీచరు మా గుడిసెకు వచ్చి, ఇద్దరినీ తన ఇంట్లో ఉంచుకొని చదివిస్తానన్నారు. "పెద్దదాన్ని ఉంచుకోండి టీచరమ్మా. ఇద్దరూ పోతే కోతకు చేతులు తక్కువైతాయి," అంది అమ్మ. చెల్లి నా వైపు చూసింది. దాన్నీ ఉంచమని నేను ఏడ్చి అడగొచ్చు. అడిగితే నన్ను కూడా పంపరేమోనని నోరు మూసుకున్నాను.

టీచరింట్లోనే పెరిగాను. అన్నం ముందు ప్రార్థనలో ఆమె రోజూ ఈరమ్మ పేరు కూడా చెప్పేవారు. నాకు చిరాకేసేది. "ఆ రోజు నేను పట్టుబట్టాల్సింది. ఇద్దర్నీ ఇస్తేగానీ కదలనని కూర్చోవాల్సింది," అన్నారొకసారి. తిలాపాపం తలా పిడికెడు అంటారు. ఆమె తన పిడికెడు చివరిదాకా మోశారు. నేను నాది ఎప్పుడో దులిపేసుకున్నాను.

టీచరు పోయే ముందు ఆసుపత్రిలో చూశాను. తాను చదివిస్తే వచ్చిన నా ఉద్యోగం ఊసే ఎత్తలేదు. "ఈరమ్మ ఎట్టా ఉందే?" అన్నారు.

"బాగుంది టీచర్. పిల్లాపాపలతో సుఖంగా ఉంది."

"దేవునికి స్తోత్రం," అని కళ్ళు మూసుకున్నారు.

అప్పటికి చెల్లితో నేను మాట్లాడి నాలుగేళ్ళు. ఆ రోజు అది ఏ ఊళ్ళో, ఎవరి చేలో కోస్తోందో నాకు తెలియదు. ఆ అబద్ధాన్ని ఇప్పటికీ మోస్తున్నాను. చెల్లిని వెతకడానికి మాత్రం ఇంకా బయల్దేరలేదు.