పంచనామాల లేని దూడ

1938 వానకాలంల నన్ను ఎల్లారెడ్డి మున్సిఫు కోర్టుకు అమీనుగా వేసిండ్రు. అమీనంటే కోర్టు హుకుంను ఊరికి తీస్కపోయి అమలు చేసేటోడు. ఇరవై రెండేండ్ల వయసు, చేతిల ఇత్తడి ముద్ర, ఇగ నన్ను పట్టేటోళ్లెవరు.

గాంధారి దిక్కు ఒక పల్లెల మొగుడు పోయిన లచ్చవ్వకు, ఆమె మరిది రాజయ్యకు గొడ్లకొట్టం కోసం తగాదా. తీర్పు అయ్యేదాక కొట్టానికి తాళమేసి ముద్ర కొట్టాలె. ముద్ర విప్పినా, లోపలిది బయటికి తీసినా ధిక్కారం, జేలు. అది హుకుం. ముగ్గురు పంచులను సాక్షులుగ పెట్టుకొని గడప మీద నిలబడి చూసిన. లోపలంత చీకటి. "గడ్డి మోపులు ఆరు, జీవాలు లేవు" అని పంచనామా రాసి, వాళ్ల వేలిముద్రలు తీస్కొని, తాళం మీద లక్క పోసి ముద్ర కొట్టిన.

పొద్దుగూకే యాల్లకు లచ్చవ్వ బర్రెను మేపుకొని వచ్చింది. లోపల దూడ అరిచింది. గడ్డి వెనుక పండుకున్నదట, పుట్టి పది దినాలు.

నేను ఎల్లారెడ్డికి ఉరికిన. ముద్ర విప్పే అధికారం మున్సిఫుదే, ఆయనేమో కామారెడ్డి పోయిండు, మూడు దినాలకు గని రాడు. పాలు లేకుంటే దూడ అంతదాక బతుకదు. కాగితాలు చూసే పేష్కారు పంచనామా చదివి, "జీవాలు లేవని నువ్వే రాసినవు. మరి దూడ ఏడికెల్లి వచ్చింది? ముద్ర పడ్డంక ఎవరో పెట్టిండ్రన్నట్టు. అది ఇంకో ధిక్కారం," అన్నడు. నా తప్పని రాసిస్తే నౌకరి పోతదని భయమై నోరు మూసుకున్న.

తిరిగి పోయి చెప్తే లచ్చవ్వ తిట్టలే. "ముద్ర తలుపుకే ఉన్నది గద బిడ్డా, గోడకు లేదు గద," అన్నది. నేను అటు మొఖం తిప్పుకొని నిలబడ్డ. ఆమె గడ్డపారతోని వెనుక మట్టిగోడకు దూడ తల పట్టేంత బొక్క కొట్టింది. మూడు దినాలు దూడ మొండెం కోర్టు కబ్జాల ఉండె, తల బయట పాలు తాగుకుంట ఉండె. ఊరంత చూడవచ్చింది.

మున్సిఫు రాంగనే రాజయ్య ధిక్కారం దరఖాస్తు పెట్టిండు, లోపలి సొత్తును తల మేరకు బయటికి తీసిండ్రని. మున్సిఫు పేష్కారును ఎంబడి పెట్టుకొని తానే వచ్చిండు. ముందట లక్క చెక్కు చెదరలే. వెనుకకు పోతే దూడ పాలు ఆపి ఆయన దిక్కు చూసింది. పంచనామా ప్రకారం అక్కడ దూడ లేదని పేష్కారు మనవి చేసిండు.

బొక్క ఎవరు కొట్టిండ్రని మున్సిఫు అడిగిండు. "నేనే. జేలుకు పోత గని బర్రెను ఎవరు పిండాలె?" అన్నది లచ్చవ్వ. ఇగ నాకు సిగ్గైంది. తప్పు నాది, లోపలికి పోయి చూడలే అని ఒప్పుకున్న.

మున్సిఫు అక్కడ్నే హుకుం రాయించిండు. ముద్ర భద్రంగ ఉన్నది గనుక ధిక్కారం లేదు. పంచనామాల లేని దూడ మీద కోర్టుకు అధికారం లేదు గనుక లచ్చవ్వ తోల్కపోవచ్చు. అమీను తాళం తీసి, దూడ వెళ్లినంక మళ్ల ముద్ర కొట్టాలె. కొట్టిన. బొక్క పూడ్చుమని హుకుంల లేకుండె, అందుకని ఎవరూ పూడ్చలే. నాకు మాత్రం సర్వీసు బుక్కుల ఎర్రసిరాతోని మందలింపు పడ్డది.

హుకుం అమలు చేసేటోడు కండ్లు తెరువకపోతే, జేలుకు తయారు కావలసింది హుకుం అందుకున్నోళ్లే అని అప్పుడు తెల్సింది. ఆ తర్వాత ఏ తాళమేసినా, ముందు కందిలి దీపం పట్టుకొని గడ్డి వెనుకదాక పోయేటోన్ని.