నాలుగో దూలం

మొన్న ముసురు పట్టిన రోజుల్లో గోదావరిఖనిలో ఒక పాత బడి కట్టడం చూడటానికి వెళ్లాను. తలుపు తీయగానే తడిసిన సున్నం వాసన, దాని వెంటే మగ్గిన టేకు వాసన ముక్కుకు తగిలాయి. నా అరచేతులకు చెమట పట్టింది. హెడ్మాస్టరు ఏదో చెప్పబోతుంటే ఆపి, "ముందు పిల్లల్ని బయటికి పంపండి సార్, తర్వాత మాట్లాడుకుందాం" అన్నాను. పాత కప్పుల కింద నిలబడితే ఇన్నేళ్లుగా నాకు ఇదే పరిస్థితి. ఈ భయం నాకు యోహాను కాక దగ్గర పట్టుకుంది.

బాబాయి వరసతో కాక అని పిలిచే ఆయన మా పక్క క్వార్టరు మనిషి. ముప్పై ఏళ్లు గనిలో టింబర్‌మన్‌గా చేశాడు. బొగ్గు తీసిన చోట పైకప్పు మీద పడకుండా దుంగలు నిలబెట్టే పని అది. రిటైరయ్యాక మా ఊరి నడిబజారులోని రాతి చర్చి బాగోగులు చూసేవాడు. తాళం తీయడం, ఊడ్చడం, గంట కొట్టడం అన్నీ ఆయనే. నేను సివిల్ డిప్లొమా పూర్తిచేసి, ఉద్యోగం దొరక్క ఇంట్లో కూర్చున్న రోజుల్లో ఒక పొద్దున వచ్చి మా అమ్మను అడిగాడు.

"వదినె, బిడ్డను పదిరోజులు నాతోని పంపు. చర్చి మొత్తం కొలిచి కాయిదం మీద గీయాలె. కప్పు మీద నాకు అనుమానంగున్నది."

"గుడికి పోయేటోళ్లం మేము. మీవోళ్లు ఏమన్న అనుకోరా?" అంది అమ్మ.

"టేపు పట్టనీకి మతమేంది వదినె!"

అలా మొదలైంది. ఆ చర్చి పనివాళ్ల కోసం కట్టింది కాదు. గనులు తవ్విన తొలిరోజుల్లో తెల్ల అధికారులు తమ కోసం కట్టించుకున్నారట. రెండడుగుల మందం రాతి గోడలు, కొనదేలిన కమాను కిటికీలు, అడ్డంగా ఆరు టేకు దూలాలు, వాటి మీద వాలుగా పెంకులు. వెనక భాగానికి వచ్చేసరికి నా కొలతలు కుదరలేదు. అక్కడ నేల ఒక మెట్టు కిందికి ఉంది. గోడలు రాతివి కావు, ఇటుకవి. పొరపాటు చేశాననుకుని మళ్లీ టేపు సాచాను.

"తప్పు పోలే బిడ్డా, ఇది ముందుగాల వరండా" అన్నాడు కాక. "మా తాతోళ్లను లోపలికి రానియ్యకపోతుండిరి. ఈడ్నే కూసొని ఇనేటోళ్లు. తెల్లోళ్లు పోయినంక నడుమ గోడ తీసి కమాను జేసిండ్రు, సుట్టు ఇటుక కట్టిండ్రు. మెట్టు గూడ తీసేస్తమంటే మా తాత వద్దన్నడట. ఎక్కి లోపలికి పోయినమని మనోళ్లకు యాదుండాలె అన్నడట."

ఆ మాట విన్నాక ఆ కట్టడం నాకు వేరేలా కనబడింది. కానీ కాక కళ్లు మాత్రం పైనే ఉండేవి. ఎప్పుడో ఎవరో సున్నంతో కట్టిన ఆ రాతి గోడలకు సిమెంటు పూత వేయించారు. లోపలికి దిగిన తడికి బయటికి దారి లేకుండా పోయింది. ఆ తడి దూలాల చివర్లను తింటోందని ఆయన అనుమానం. నిచ్చెనెక్కి ఒక్కో దూలాన్నీ ఇనుప కడ్డీతో కొట్టాడు. గనిలో అలాగే కప్పును కొట్టి, చప్పుడును బట్టి మంచిచెడులు తెలుసుకునేవారట.

"ఇను. ఇది ఖణేల్మంటది, ఫికర్ లేదు. ఇగ దీన్ని ఇను."

మూడో దూలం చివర చప్పుడు డొల్లగా వచ్చింది. నాలుగు, ఐదు, ఆరు గట్టిగానే పలికాయి. నోటుబుక్కులో వాటి పక్కన టిక్కులు పెట్టాను.

అప్పటికి కాక కూతురు మార్త పెళ్లికి పదిరోజుల గడువుంది. ఆ ఆదివారం ఆరాధన అయ్యాక సంఘం పెద్దలంతా కూర్చున్నారు. బాగుచేయించేదాకా చర్చి మూసేద్దామన్నాడు కాక. నూరేళ్ల నుంచి పడని కప్పు ఇప్పుడెందుకు పడుతుందని ఒకాయన నవ్వాడు. పాస్టరుగారు నావైపు తిరిగారు.

"సదువుకున్న బిడ్డవు. నువ్వేమంటవమ్మా?"

ఇరవై మంది నన్నే చూస్తున్నారు. "కచ్చితంగా చెప్పలేనండీ. పడకపోవచ్చు" అన్నాను.

వాళ్లకు ఆ చివరి మాట చాలింది. మూడో దూలం కింది బెంచీలు తీసి తాడు కట్టాలని, మరమ్మతు మొదలయ్యేదాకా మిగతా చర్చి యథాప్రకారం నడపాలని తీర్మానించారు. ఇంటికి నడుస్తూ, భయమేసిందని కాకతో చెప్పాను.

"కప్పుకు భయపడ్డవా, మనుషులకా?"

"మనుషులకే కాక."

ఆయన కోప్పడలేదు. "కప్పుకు భయపడు బిడ్డా. అండ్ల తప్పులేదు" అని మాత్రం అన్నాడు.

ఆ కప్పును నమ్మక, కూతురి పెళ్లిని ఆయన చర్చి ఆవరణలో, షామియానా కింద జరిపించాడు. సరిగ్గా ప్రమాణాల వేళకు వాన దంచింది. పెళ్లికూతురి తెల్లచీర మోకాళ్లదాకా బురదయింది. "ఎదురుంగ చర్చి పెట్టుకొని వానల పెండ్లేంది?" అని మగపెళ్లివారు అందరూ వినేలా అన్నారు. మార్త ఏడుస్తూనే బండెక్కింది. ఆ తర్వాత తండ్రితో మాట్లాడటం మానేసింది. అవన్నీ భరించిన కాక ప్రతి ఆదివారం తాడు బిగించి, ఆదివారపు బడి పిల్లల్ని చేయిపట్టుకుని తీసుకెళ్లి, గట్టిగా పలికిన నాలుగో దూలం కింద కూర్చోబెట్టేవాడు. ఆరాధన ముగిసేదాకా నేను బయట నిలబడి ప్రతి చిన్న చప్పుడుకూ ఉలిక్కిపడేదాన్ని.

మూడు నెలలకు మరమ్మతు మొదలై పెంకులు దించారు. మూడో దూలం చివర జానెడు మేర పుచ్చింది. కాక చెప్పింది నిజమేనని నేను ఊపిరి పీల్చుకునేలోపే పైనుంచి వడ్రంగి కేకేశాడు. నాలుగో దూలంలో, గోడ లోపలికి దిగి ఉన్న మూరెడు చెక్కను చెదలు పూర్తిగా తినేశాయి. మా కడ్డీ అందింది దూలంలో గోడ బయటికి కనబడే భాగానికే. అక్కడ చెక్క గట్టిగానే ఉంది. లోపల మాత్రం అరంగుళం పెచ్చు మీద ఆ బరువంతా ఆగి ఉంది.

కాక ఆ వెనక మెట్టు మీద కూలబడ్డాడు. "నేనే కూసోబెట్టిన బిడ్డా. చిన్నపోరగాళ్లను. ఈ చేతులతోనే తోలుకపోయి కూసోబెట్టిన."

ఎవరికీ ఏమీ కాలేదుగా అందామనుకున్నాను. ఆయన ముఖం చూసి, వెళ్లి పక్కనే మెట్టు మీద కూర్చున్నాను.

తర్వాతి ఆదివారం చెట్టు కింద ఆరాధన జరిగింది. అప్పుడు నవ్వినాయనే లేచి, యోహాను మాట విననందుకు క్షమించమని, దేవుడు ఆయనకు మంచి చెవులిచ్చాడని పొగిడాడు. అందరూ చప్పట్లు కొట్టారు. కాక లేచి చేతులడ్డం పెట్టాడు.

"కొట్టకుండ్రి. మూడోది నాకు దొరికింది. నాలుగోది దొరకలే. గోడల ఏమున్నదో నేను సూడలే, సూసినట్టే చెప్పిన. మీ పిల్లలను దాని కింద కూసోబెట్టింది నేనే. మీరు నన్ను మాఫ్ చెయ్యాలె."

ఒక తల్లి తన పిల్లవాణ్ణి ఒళ్లోకి లాక్కుంది. కాక అలాగే నిలబడి ఉన్నాడు. అత్తగారింటి నుంచి ఆ రోజే వచ్చిన మార్త ఆడవాళ్ల మధ్య నుంచి లేచి వెళ్లి తండ్రి రెక్క పట్టుకుంది. "బాపు, కూసో" అంది. పెళ్లయ్యాక ఆమె తండ్రితో పలికిన మొదటి మాట అది.

కాక పోయి నాలుగేళ్లయింది. నేను ఇప్పుడు పాత కట్టడాలు పరీక్షించి నివేదికలు రాస్తాను. ప్రతి నివేదిక చివరి పేజీలో నేను చూడలేకపోయినవన్నీ రాస్తాను, ఏ గోడ లోపల, ఏ చెక్క, ఎంత మేర అని. ఆ పేజీ పనికిమాలినదని, చదివితే జనం బెదిరిపోతారని, తీసేయమని చాలామంది అడిగారు. తీయలేదు. దాని కింద సంతకం పెట్టాక, ఇంకేమైనా చూడకుండా వదిలేశానేమోనని రెండు మూడు రోజులు నాకు అన్నం సహించదు. అయినా పెడతాను.