తీసేసిన శ్రుతి

దెయ్యాలనీ గాలీ ధూళీ అనీ అంటే మా ఇంట్లో ఎవరూ నమ్మరు. మా నాన్న బందరు దగ్గర సముద్రంలో వేటకు వెళ్లేవాడు. "ముప్పై ఏళ్లు నీళ్ల మీద తిరిగా, చేపలు తప్ప నాకేమీ కనపళ్లేదు" అనేవాడు. నేనూ ఆయన కూతుర్నే. పైగా నా వృత్తే శబ్దాలతో. ఏది మోగినా ఎక్కడి నుంచి మోగుతోందో వెతికి పట్టుకోవడం నా పని. ఇన్నేళ్లలో పట్టుకోలేనిది ఒక్కటే ఉంది. విన్నది విన్నట్టు రాస్తాను.

విజయవాడ ఆటోనగర్‌లో, స్ప్రింగు పట్టీల షాపు మీద, మేడ గదిలో నాకో చిన్న రికార్డింగ్ స్టూడియో ఉంది. చుట్టూ లారీ షెడ్లు, రోజంతా సుత్తి దెబ్బలు. అందుకే అద్దె తక్కువ. మంచి రికార్డింగ్ ఏదైనా ఉంటే ఆదివారానికి పెట్టుకుంటాను. ఆ రోజు షెడ్లు మూసేస్తారు.

మా పిన్ని నాంచారమ్మకు ఒక పాట వచ్చు. ఆటోలు లేని రోజుల్లో మా ఊరి ఆడవాళ్లు చేపల గంపలు నెత్తిన పెట్టుకుని బందరు బజారుదాకా నడిచేవాళ్లు. ఆ దారిపొడుగునా పాడుకున్న పాట అది. పందొమ్మిది చరణాలు. చరణానికో వరస. కాలువ దాటేటప్పుడు ఒక వరస, ఎండెక్కాక ఒకటి, బజారు కనపడ్డాక ఇంకొకటి. ఇప్పుడు అందరూ ఆటోల్లో వెళ్తున్నారు, పాటతో ఎవరికీ పని లేదు. ముక్కలు ముక్కలుగా వచ్చినవాళ్లు ఒకరిద్దరు ఉన్నారు గానీ మొత్తం వచ్చింది మా పిన్నికే.

పిన్ని గొంతులో గడ్డ పెరిగింది. విజయవాడలో డాక్టరుగారు చూసి మంగళవారం ఆపరేషన్ అన్నారు. ప్రాణానికి భయం లేదని చెప్పారు. గొంతు మాత్రం మునుపటిలా ఉంటుందని మాట ఇవ్వలేనన్నారు.

పిన్ని ఆ మాట నిబ్బరంగానే విన్నది. బయటికొచ్చాక నా చెయ్యి పట్టుకుంది.

"అమ్మలూ, ఆ పాటేదో ఈలోపే పట్టెయ్యవే నీ పెట్టెలో."

గురువారం మధ్యాహ్నం షెడ్ల వాళ్లు భోజనాలకు వెళ్లిన వేళ చూసి పరీక్షకని ఒకసారి పాడించాను. పిన్ని గొంతు అప్పటికే బొంగురుపోయి ఉంది. ఒకప్పుడు ఐదున్నర శ్రుతిలో అవలీలగా పాడేది. అంటే ఆడగొంతుకు కూడా కాస్త పై స్థాయే. ఆ రోజు నాలుగుకు దించినా ఆయాసపడింది.

రెండో చరణం మధ్యలో ఇద్దరి హెడ్‌ఫోన్లలోనూ తంబురలాంటి మోత మొదలైంది. అదెక్కడిదో నాకు వెంటనే తెలిసింది. అంతకు కొన్ని నెలల ముందు ఒక భక్తి ఆల్బం కోసం సింథసైజర్ ప్లగిన్ ఒకటి ఇంటర్నెట్‌లోంచి ఉచితంగా దించుకున్నాను. ప్లగిన్ అంటే రికార్డింగ్ సాఫ్ట్‌వేర్‌కు తగిలించుకునే చిన్న ప్రోగ్రాం. తీగా చెక్కా లేకుండానే కంప్యూటర్లోంచి వాద్యంలా మోగుతుంది. పిన్ని పాటలో నేను దాన్ని పెట్టలేదు. అయినా మోగింది. తెర మీద శబ్దం ఎంతుందో చూపే మీటరులో పచ్చగీత పైకీ కిందికీ ఎగిరింది. ఆ మోత ఐదున్నర శ్రుతిలో ఉంది. పిన్ని తడబడి ఆగిపోయింది. ఆ వెంటనే సాఫ్ట్‌వేర్ మొత్తం బిగుసుకుపోయి మూసుకుపోయింది. పాడినదంతా పోయింది.

మళ్లీ పెట్టాను. మళ్లీ అంతే. ఆ రెండు ప్రయత్నాలతో పిన్ని గొంతు పూర్తిగా దిగిపోయింది. ఆ సాయంత్రమంతా సైగలే.

ఇందులో దెయ్యం లేదు, చెడిపోయిన సాఫ్ట్‌వేర్ ఉంది. దాన్ని పీకి పారేయాలి, అంతే. ఇంక మిగిలింది ఒక్క ఆదివారం.

శనివారం పొద్దున మామూలు పద్ధతిలోనే తీసేశాను. కంట్రోల్ ప్యానెల్లో దాని పేరు మీద నొక్కాను, తొలగించానని కంప్యూటర్ చెప్పింది. సాఫ్ట్‌వేర్ తెరిచి చూస్తే వాద్యాల జాబితాలో అది నిక్షేపంగా ఉంది.

బెంజ్ సర్కిల్ దగ్గర కంప్యూటర్లు బాగుచేసే శ్రీనుగారికి ఫోన్ చేశాను. నా మెషీన్ బిగించింది ఆయనే.

"అది అలా పోదండీ పద్మగారూ. అద్దెకున్నోళ్లు ఖాళీ చేసినా గోడలకి మేకులుంటాయి చూడండి, అలాగన్నమాట. ఒక్కోటీ పీకాలి. కూర్చోండి, చెప్తాను."

ఫోన్ స్పీకర్లో పెట్టి కూర్చున్నాను. పిన్ని పక్కన స్టూలు మీద కూర్చుని, ఏదో చేప శుభ్రం చేయడం చూస్తున్నంత శ్రద్ధగా తెరవైపు చూస్తోంది.

ప్లగిన్లన్నీ ఉండే ఫోల్డర్లో దాని అసలు ఫైలు దొరికింది. తీసేయబోతే, ఫైలు వాడకంలో ఉంది, కుదరదు అంది కంప్యూటర్. సాఫ్ట్‌వేర్ మూసే ఉంది. ఎవరు వాడుతున్నట్టు?

"సేఫ్ మోడ్‌లో ఆన్ చెయ్యండి. అవసరమైనవి తప్ప ఇంకేవీ లేవవు. అప్పుడెవడు పట్టుకుంటాడో చూద్దాం" అన్నారు శ్రీనుగారు.

అలా ఆన్ చేశాక మారుమాట్లాడకుండా పోయింది. అది దాచుకున్న స్వరాల ఫోల్డర్ ఒకటి నా డాక్యుమెంట్లలో ఉంది, పీకేశాను. పైకి కనపడని ఫోల్డర్లను కనపడేలా చేస్తే అక్కడ ఇంకొకటి. అదీ పీకేశాను. తర్వాత రిజిస్ట్రీ. ఏ ప్రోగ్రాం ఎక్కడుందో విండోస్ పెట్టుకున్న గుర్తులన్నీ అక్కడే ఉంటాయి.

"ఇక్కడ చెయ్యి జారిందంటే కంప్యూటరే లేవదండోయ్. ముందో కాపీ తీసి పెట్టుకోండి."

తీసి పెట్టుకున్నాను. దాని పేరు వెతుకుతూ పోతే నాలుగు చోట్ల దొరికింది. పేరు రెండేసి సార్లు చదువుకుని ఒక్కొక్కటీ తీసేశాను. చివరికి రికార్డింగ్ సాఫ్ట్‌వేర్ గుర్తుపెట్టుకున్న పాత జాబితాను కూడా చెరిపేసి, కంప్యూటర్ ఆపి మళ్లీ ఆన్ చేసి, కొత్తగా వెతికించాను. వాద్యాలన్నీ వరసగా వచ్చాయి. అది లేదు. మొత్తం డిస్కులో వెతికాను. లేదు.

కుర్చీలోంచి లేచి ఈల వేశాను. నలభై ఏళ్లు దాటిన ఆడదాన్ని, ఈల వేసి ఎన్నాళ్లయిందో.

"పోయిందా పీడ?" అంది పిన్ని బొంగురుగా.

"వేళ్లతో సహా పోయింది పిన్నీ!"

శ్రీనుగారు అవతల నవ్వుతున్నారు. "ఎందుకైనా మంచిది, వైర్లు కూడా ఓసారి పీకి పెట్టెయ్యండి. వైర్లలో కూడా మోత వస్తంది ఒక్కోసారి" అన్నారు. అన్నీ పీకి, తుడిచి, మళ్లీ పెట్టాను. ఖాళీగా గంటసేపు రికార్డింగ్ నడిపి విన్నాను. చీమ చిటుక్కుమన్న శబ్దం లేదు.

ఆదివారం పది గంటలకు ఆటోనగర్ అంతా నిశ్శబ్దం. కిటికీలోంచి ఎండ పడుతోంది. పిన్ని ఉతికిన జరీ చీర కట్టుకుని వచ్చింది, ఫొటో తీస్తారేమో అన్నట్టు. ఇద్దరం ఎదురెదురుగా కూర్చున్నాం. హెడ్‌ఫోన్లు పెట్టుకున్నాం. నోటితో నాలుగు శ్రుతి అందించాను.

పిన్ని ఎత్తుకుంది. ఒక్క పాదం. దగ్గు వచ్చింది. మళ్లీ ఎత్తుకుంది. ఈసారి సగం పాదం. మూడోసారి గొంతులోంచి గాలి తప్ప ఏమీ రాలేదు.

"రావట్లేదే. లోపల్నించి ఎవరో మూతేసినట్టుంది." కొంగుతో మొహం తుడుచుకుంది. "ఇంతేనేమోలేవే. ఎన్నో పోయినియ్యి. ఇదీ పోద్ది."

హెడ్‌ఫోన్లు ఇద్దరం ఇంకా తీయలేదు. రికార్డింగ్ నడుస్తూనే ఉంది.

అప్పుడు హెడ్‌ఫోన్లలో మోత మొదలైంది.

అదే మోత. అదే ఐదున్నర. నేను ఉలిక్కిపడి తలెత్తేసరికి, అదే క్షణంలో పిన్ని కూడా తలెత్తింది. తెరవైపు చూశాను. గీత కదలడం లేదు. గురువారం ఎగిరెగిరి పడిన పచ్చగీత నేలకు అంటుకుని ఉంది. ఒక చెవి మీద హెడ్‌ఫోన్ తీసి చూశాను. గదిలో ఏమీ వినపడలేదు. పెట్టుకుంటే ఉంది.

ఆపేద్దామని చెయ్యి చాపాను. పిన్ని అరచెయ్యి ఎత్తి వద్దంది. కళ్లు మూసుకుంది.

ఎత్తుకుంది. ఐదున్నరలో.

నా చిన్నప్పుడు గట్టు మీద నించుని విన్న గొంతు అది. బొంగురు లేదు. ఎక్కడా తడబాటు లేదు. ఊరు దాటింది, కాలువ దాటింది, ఎండెక్కిన వరస అందుకుంది. ఐదో చరణం దగ్గర దగ్గు వస్తుందనుకున్నాను. రాలేదు. పదో చరణానికి పిన్ని కూర్చున్న చోటే నడుస్తున్నట్టు పాదాలు ఆడించసాగింది. పదిహేనో చరణం నేను జన్మలో వినలేదు. అలాంటిదొకటి ఉన్నట్టు కూడా తెలియదు. దాదాపు నలభై నిమిషాలు. చివరి చరణంలో బజారు వస్తుంది, గంపలు దించుతారు. ఆ దించే చోట గొంతు ఒక్కసారి పైకి లేస్తుంది. పిన్ని దాన్ని పైకి విసిరి, అక్కడే నిలబెట్టి, నింపాదిగా కిందికి దించింది.

ఆమె ఆపగానే మోతా ఆగింది.

నేను లేచి చప్పట్లు కొట్టాను. ఏడుస్తూ, నవ్వుతూ, పిచ్చిదానిలా. పిన్ని నవ్వు మొహమంతా పరుచుకుంది. రెండు చేతులూ నడుం మీద పెట్టుకుని, ఎవరిమీదో గెలిచి వచ్చినదానిలా కూర్చుంది.

"పందొమ్మిదీ వచ్చినియ్యా?"

"పందొమ్మిదీ వచ్చాయి పిన్నీ!"

ఆమె హెడ్‌ఫోన్లు తీసి ఇవ్వబోయింది. అందుకోవడానికి వంగినప్పుడు చూశాను. వాటి వైరు చివర కుర్చీ కింద నేల మీద పడి ఉంది. శనివారం వైర్లన్నీ పీకి మళ్లీ పెట్టేటప్పుడు అదొక్కటి తగిలించడం మర్చిపోయాను. పిన్ని హెడ్‌ఫోన్లు దేనికీ తగిలించి లేవు.

"నీకేమైనా వినపడిందా పిన్నీ ఇందాక?" అన్నాను.

"ఇనపడకపోతే ఎట్టా పాడతానే? సుతి పెట్టావుగా."

రికార్డింగ్ మొత్తం మళ్లీ విన్నాను. పిన్ని గొంతు ఒక్కటే ఉంది. శుభ్రంగా. సోమవారం శ్రీనుగారు వచ్చి కంప్యూటర్ మొత్తం జల్లెడ పట్టారు. ఆ ప్లగిన్ తాలూకు ముక్క కూడా లేదన్నారు. తర్వాత స్వరాలు కొలిచే ప్రోగ్రాంలో పాటను పెట్టి చూశాం. మొదటి పాదంలోని షడ్జమం, అంటే 'స', ఎక్కడుందో నలభై నిమిషాల తర్వాతి షడ్జమం కూడా సరిగ్గా అక్కడే ఉంది. శ్రుతి ఆసరా లేకుండా అంతసేపు ఎంత గొప్పవాళ్లు పాడినా గొంతు వెంట్రుకవాసైనా జారుతుంది. స్వరం ఎత్తు చూపే ఆ గీతను శ్రీనుగారు చాలాసేపు చూశారు. టీ తాగి వెళ్లిపోయారు.

మంగళవారం ఆపరేషన్ బాగా జరిగింది. పిన్ని గొంతు మారింది. కిందికి దిగి, కాస్త మగగొంతులా గంభీరంగా వస్తోంది. ఆ గొంతుతోనే ఇప్పుడు చేపల బేరం చేస్తోంది, ఎదుటివాళ్లు మునుపటికంటే తొందరగా లొంగుతున్నారని సంబరపడుతోంది. పాట ఊళ్లో ఆడవాళ్ల ఫోన్లన్నింట్లోకీ చేరింది. మొన్న వెళ్లినప్పుడు, ఆ ఊళ్లోనే ఉంటున్న మా ఆడపడుచు కూతురు స్కూలు నుంచి నడిచొస్తూ ఏడో చరణం తప్పు లేకుండా పాడుతోంది. బ్యాగు బరువుకు ముందుకు వంగి, పాట మాత్రం నిటారుగా.

ఆ ఉదయం మేమిద్దరం విన్నదేమిటో నాకు ఇప్పటికీ తెలియదు. నాకు తెలిసినవాళ్లు చెప్పిన కారణాలన్నీ విన్నాను. ముందు విన్న మోత చెవిలో మిగిలిపోయి ఉంటుందన్నారు. ఇద్దరికీ ఒకే క్షణంలో ఎలా మిగులుతుందో ఎవరూ చెప్పలేదు. పిన్నిని అడిగితే ఆమెకు అసలు అనుమానమే లేదు.

"ఎవరో సుతి పట్టారు, నేను పాడాను. పట్టినోళ్లెవరని పాట మధ్యలో అడుగుతామేంటే?"