అటక మీదికి పోని వణుకు

మా వీధిలో ఆయన్ని సొంత పేరుతో పిలిచినవాళ్ళు లేరు. అందరికీ వేషాలాయనే. నాటకంలో జడ్జీ అయినా, జేబుదొంగ అయినా, సినిమాలో నాలుగు ముక్కలు చెప్పి వెళ్ళిపోయే పోస్టుమాన్ అయినా, హాల్లోంచి బయటికొచ్చాక జనం తలుచుకునేది ఆయన్నే.

ఏ వేషమైనా చెప్పులతో మొదలుపెట్టేవాడు. ఆ మనిషి తొడిగేలాంటి చెప్పులు ఎక్కణ్ణించో సంపాదించి, ఇంట్లో కూడా అవే ఈడ్చుకుంటూ తిరిగేవాడు. మెట్ల మీద చప్పుడు వింటే చాలు, ఇవాళ వచ్చేది పోలీసో దొంగో భార్యకి తెలిసిపోయేది.

"దొంగగారూ, కాళ్ళు కడుక్కుని మరీ రండి" అనేదావిడ.

ఆఖరి ఆట కాగానే ఆ చెప్పులు అటకెక్కేవి. ఆయన పెరట్లో కుళాయి దగ్గర మొహం కడుక్కుని, "ఒసేయ్, నేనే వచ్చాను" అనేవాడు. ఆ మాట చెవిన పడేదాకా ఆవిడ కంచం పెట్టేది కాదు.

ఈసారి గడియారాలు బాగుచేసే ముసలాయన వేషం. చెయ్యి వణుకుతుంటే హాలంతా ముక్కున వేలేసుకుంది. ఆటలైపోయాయి, చెప్పులు అటకెక్కాయి, "నేనే వచ్చాను" కూడా అయింది. తీరా కంచం ముందు కూర్చుంటే చేతిలో మంచినీళ్ళ గ్లాసు టకటకలాడింది.

"ముసలాయన ఇంకా దిగలేదా?" అని నవ్విందావిడ.

ఆయన నవ్వలేదు. "దిగుతాడులే" అన్నాడు.

ఓ మధ్యాహ్నం ఆవిడ తలుపు సందులోంచి చూసింది. ఆయన ఒక్కడే కూర్చున్నాడు. ఒళ్ళో పేపరు గలగలమంటోంది. చూసేవాళ్ళు లేనప్పుడు కూడా వేషం కడతాడా ఎవడైనా?

"డాక్టరుకి చూపిద్దామండీ."

"డాక్టరు చూశాడంటే ఊరంతా చూసినట్టే. వణికే చేతికి ఒక్క వేషమేనే ఉండేది. మిగతావన్నీ పోతాయి."

అప్పటికే తర్వాతి నాటకం ఒప్పేసుకున్నాడు. సెలూన్ వాడి వేషం. స్టేజీ మీద ఒకడికి గడ్డం గియ్యాలి. కత్తి నిజందే కావాలని పట్టుబట్టే మనిషి, ఎప్పుడూ అంతే. కుర్చీలో కూర్చునేది మరెవరో కాదు, ఆవిడ సొంత తమ్ముడు.

"బావా, మా అక్కని కట్టుకున్న కసంతా నా పీక మీద తీర్చుకోకు!" అని వాడు పకపకా నవ్వాడు. ఆవిడ మొగుడి చేతి వంక చూసింది. చెబితే మొగుడి బతుకు పోతుంది, చెప్పకపోతే తమ్ముడి ప్రాణం. నోటిదాకా వచ్చిన మాట నోట్లోనే ఉండిపోయింది.

ఆట రోజు ముందు వరసలో కొంగు నోట్లో కుక్కుకుని కూర్చుంది. తమ్ముడు తల వెనక్కి వాల్చాడు. సబ్బు నురగ మీదికి కత్తి వచ్చింది. దీపం వెలుగులో దాని అంచు తళుక్కు తళుక్కుమంటోంది. తమ్ముడి మొహంలో నవ్వు ఆరిపోయింది. ఆవిడ సగం లేచింది.

కత్తి పీక దగ్గర ఆగింది. ఆయన దాన్ని టక్కున మడిచి బావమరిది చేతిలో పెట్టాడు.

"అయ్యా, ఈ చెయ్యి ఇవాళ నా మాట వినట్లేదు. ఇంకో కొట్టుకి వెళ్ళండి."

ఆ మాట నాటకంలో లేదు. హాలు చప్పట్లతో దద్దరిల్లింది. అందులో నిజమెంతో తెలిసింది ఆ ముగ్గురికే.

ఆవిడ ముందుగా ఇల్లు చేరింది. మెట్ల మీద చప్పుడు లేదు. ఆయన సెలూన్ వాడి చెప్పులు చేత్తో పట్టుకుని వట్టి కాళ్ళతో వచ్చాడు. కుళాయి ఎంతసేపో పారింది. "ఒసేయ్..." అన్నాడు. తర్వాతి మాట రాలేదు.

ఆవిడే వెళ్ళి కుళాయి కట్టేసి, ఆ చెయ్యి పట్టుకుంది. ఎంత గట్టిగా పట్టినా వణుకు ఆగలేదు, ఆవిడ చేతిలోకీ పాకింది.

"మీరేనండీ, రండి. మీ సొంత చెప్పులు దుమ్ము దులిపి గుమ్మంలో పెట్టాను. రేపు డాక్టరు దగ్గరికి అవేసుకుని వెళదాం."

ఆయన వాటి వంక బెదురుగా చూశాడు.

"వీటిల్లో మనిషి ఎలా నడుస్తాడే?"